పుట్టినింట దమయంతి

నలదమయంతుల కథ యనగానే మనవారికి మొదట జ్ఞప్తికి వచ్చునది హంస. రవివర్మ చిత్రించిన హంసదమయంతి పటము అచ్చుప్రతులై యింటింటి గోడల కెక్కినది. ఆ పటములో కన్యయగు దమయంతి నిలుచుండి హంస మాటలు వినుచుండును. శ్రీనాథుని శృంగారనైషధము చదివినవారికి స్వయంవరము, ఇంద్రాది దిక్పాలకుల మాయ, వివాహము, ఆ పిమ్మటి శృంగారము మనస్సున నిలుచును. శ్రీనాథుడు అంతటితో కథ నాపుట ఆయన దోషము కాదు. ఆయన తెనిగించిన శ్రీహర్షుని కావ్యమే అచ్చట ముగిసినది. మహారాష్ట్రమున నున్న మనవారు ఎరిగిన రఘునాథ పండితుని మరాఠీ ఆఖ్యానము సైతము స్వయంవరమునే ముఖ్యముగా గొన్నది. ఈ రీతిగా సగము కథయే లోకమున ప్రచారమైనది. పెండ్లి యైన దమయంతిని మనము బాగుగా నెరుగుదుము. భర్త విడిచిన పిమ్మట ఇద్దరు బిడ్డలతో తల్లిదండ్రుల యింట నున్న దమయంతిని అంతగా నెరుగము.

ఆ రెండవ సగము మహాభారతమున ఆరణ్యపర్వమున నున్నది. కామ్యకవనమున దుఃఖించుచున్న ధర్మరాజునకు బృహదశ్వుడను ముని చెప్పిన కథ యిది. నన్నయభట్టారకుడు తన భాగమున దీనిని తెనిగించెను. తంజావూరున రఘునాథ నాయకుడు నలచరిత్రమును ద్విపదలో వ్రాసెను. తమిళనాట నున్న మనవారు పుగళేంది రచించిన నళవెణ్బాను పేరైన వినియుందురు; అందలి మూడు కాండములలో చివరిది కలి విడిచిపోవుటను గూర్చినది. కన్నడమున కనకదాసు నలచరిత్రె భామినీ షట్పదిలో నున్నది. అనగా మనము స్థిరపడిన సీమలలో ఈ కథ చుట్టుప్రక్కల వారికిని సొంతమే. దమయంతి పుట్టిన విదర్భ నేటి మహారాష్ట్రమున నున్నది. అమరావతి జిల్లాలో వార్ధానది యొడ్డున నున్న కౌండిణ్యపురమే నాటి కుండిననగరమని అచ్చటివారి విశ్వాసము. నాగపురము, చంద్రపురములలోని మన కుటుంబములకు అది ఎంతో దూరము కాదు.

దమయంతి పాతివ్రత్యమును గూర్చి వ్రాసినవారు, పాడినవారు వేలకొలది. ఆమె పుట్టినింట నున్నపుడు ఎట్లు నడచుకొన్నది, తల్లిదండ్రులు ఆమె యెడ ఎట్లు నడచుకొనిరి అని విచారించినవారు తక్కువ. మేము ఈ వ్యాసమున విచారింపబూనినది అదియే. నన్నయగారి తెనుగు మూలమునకు సంగ్రహము గనుక, ప్రసంగవశమున సూక్ష్మ విషయములకు వ్యాసుని కథనే ముందుంచుకొనుచున్నాము.

నలుడు జూదమున ఓడుచుండగా దమయంతి మొదట చేసిన పని బిడ్డలను గట్టుకు చేర్చుట. వార్ష్ణేయుడను సారథిని పిలిపించి, ఇంద్రసేనుని, ఇంద్రసేనను రథ మెక్కించి కుండినమునకు పంపినది. తాను మాత్రము పోలేదు. పిమ్మట అడవిలో పక్షులు నలుని కట్టుబట్ట నెత్తుకొని పోగా, నలుడు విదర్భకు త్రోవ ఇది, కోసలకు త్రోవ ఇది యని మాటిమాటికి చూపసాగెను. ఆ చూపుటలోని యర్థము ఆమెకు తెలియకపోలేదు. పోదమన్నచో ఇద్దరము కలిసియే పోదము, మా తండ్రి నిన్ను గౌరవించును అని ఆమె యన్నది. కలిగిన దినములలో పోయిన యింటికి లేని దినములలో పోజాలనని నలుడు బదులు చెప్పెను. అత్తవారింటికి వట్టిచేతులతో పోవుటకంటె ఆలిని అడవిలో విడుచుట మేలని తోచిన మగవాని మనస్సు ఇది. ఈ యభిమానము నేటి మన యిండ్లలోను అరుదు కాదు.

నిద్రించుచున్న భార్య చీరలో సగము కోసికొని నలుడు వెడలిపోయెను. కొండచిలువ, బోయవాడు, ఏనుగులు త్రొక్కిన వర్తకుల బిడారు, ఇవి హరికథలవారు విస్తరించి చెప్పు ఘట్టములు గనుక మేము విడుచుచున్నాము. చేదిపురమున రాజమాత ఆమెను చేరదీసెను. దమయంతి సైరంధ్రిగా కుదురుకొనుచు, ఎంగిలి తినను, ఒకరి కాళ్ళు కడుగను, పరపురుషులతో మాటలాడను అని ముందే నిబంధనలు పెట్టినది. ఒడలిపై సగము చీర తప్ప వేరేమియు లేని స్త్రీ పెట్టిన నిబంధనలివి. ఆ రాజమాత తన తల్లికి తోబుట్టువే యని అప్పటికి ఆమె యెరుగదు. తండ్రి పంపిన సుదేవుడను విప్రుడు ఆమెను గుర్తించి, కనుబొమల నడుమ నున్న పుట్టుమచ్చను ఆనవాలు చూపిన పిదప గుట్టు బయటపడెను. పినతల్లి యిల్లే యని తెలిసినది గనుక అచ్చటనే సుఖముగా నుండవచ్చును. ఆమె ఉండనన్నది. తన బిడ్డలు అటు తండ్రియు ఇటు తల్లియు లేక అచ్చట ఎట్లున్నారో యని చెప్పి వాహన మడిగినది. దిక్కు లేక పుట్టినిల్లు చేరినదని పౌరాణికులు చెప్పుచుందురు. మూలము చూచినచో దిక్కు దొరికిన పిదప, బిడ్డల కొరకు చేరినది.

కుండినమునకు వచ్చినది, తల్లిదండ్రులను చూచినది, బిడ్డలను చూచినది, ఒక రాత్రి విశ్రమించినది. ఆ వెంటనే తల్లితో, నేను బ్రతికియుండవలె నన్నచో నలుని రప్పించు ప్రయత్నము చేయు మన్నది. తల్లికి నోట మాట రాలేదు, ఏడ్చెను. ఏడ్చి, భర్తయగు భీమరాజు నొద్దకు పోయి, నీ కూతురు సిగ్గు విడిచి తానే నాతో చెప్పినది యని తెలిపెను. ఈ ఒక్కమాట ఎంత యింటిమాట! కూతురు సంసారమును గూర్చి తల్లితో చెప్పుట, తల్లి తండ్రికి చేరవేయుట, తండ్రి బదులు పలుకక పని ప్రారంభించుట. రాజుల కథ యని మరచి మన వంటింటిని, మన వీథి యరుగును తలచుకొనవచ్చును.

భీముడు దేశదేశములకు బ్రాహ్మణులను పంపెను. పోవువారికి ధనము ఆయనది. వారు పలుకవలసిన మాటలు మాత్రము దమయంతివి. ఇది గమనింపదగినది. సగము చీర కోసికొని ఎక్కడికి పోయితివి, నిన్నే తలచుచు అదే చీరతో నున్నదానిని కరుణింపవా యను భావమున ఒక సందేశమును కూర్చి, ప్రతి సభలోను దీనిని చదువుడు, ఎవడైన బదులు పలికినచో వానిని గుర్తుపట్టి వచ్చి నాకు చెప్పుడు అని ఆమె వారికి నేర్పినది. వినువారికి అది ఒక విరహిణి పాట. తప్పు చేసినవాని కొక్కనికే అది జాబు. అందు నిందయు నున్నది, పిలుపును నున్నది. రెంటి పాళ్ళు ఆమెయే తూచినది. భీమరాజు తానే ఒక ఆజ్ఞాపత్రము వ్రాయించి, ఓ నలుడా, నా కూతును విడిచిన నీకు శిక్ష యిది యనియో, క్షమించితిని రమ్మనియో చాటించియుండిన, బాహుకుడై వంటయింటిలో దాగినవాడు నోరు మెదపియుండడని మా నమ్మకము. అయోధ్యలో ఋతుపర్ణుని కొలువున నున్న ఆ బాహుకుడు, పర్ణాదుడను విప్రుడు చదివిన సందేశము విని నిట్టూర్చి, కులస్త్రీలు ఆపదలోను తమ్ము తామే కాపాడుకొందురు, దురవస్థలో పడినవానిపై అలుగదగదు అని బదులు పలికెను. తప్పు ఒప్పుకొనీ ఒప్పుకొనని బదులు. దమయంతికి అది చాలినది.

ఇప్పుడు కథలో మిక్కిలి చిక్కైన తావు. పర్ణాదుడు చెప్పినది విని దమయంతి తల్లి యొద్దకు పోయి, ఈ సంగతి ఎట్టి పరిస్థితిలోను నాన్నగారికి తెలియరాదు, నీ యెదుటనే సుదేవుని నియోగింతును అన్నది. ఆమె సుదేవునికి చెప్పిన పని యిది: అయోధ్యకు పోయి, దమయంతికి మరల స్వయంవరము, రేపు సూర్యోదయమునకే యని ఋతుపర్ణునకు తెలుపుట. ఒక్క దినములో అంతదూరము రథము తోలగలవాడు నలుడు తప్ప వేరొకడు లేడు గనుక, వచ్చినచో సారథి నలుడే.

తండ్రికి తెలియకుండ కూతురు ఈ పని చేయుట కొందరు పెద్దలకు కొరుకుడు పడదు. ఆ మాటను దాటవేసి, దేవతాప్రేరణ యని సరిపెట్టిన పురాణవ్యాఖ్యలు మేమును వినియున్నాము. తండ్రికి దాచిన కారణమును కవి విప్పి చెప్పలేదు. మాకు తోచిన కారణములు రెండు. భీముడు రాజు, తెలిసి చేసినచో ఒక రాజు మరొక రాజునకు అబద్ధపు శుభలేఖ పంపినట్లగును, తెలియనిచో ఆ దోషము ఆయన నంటదు. రెండవది మాకు ముఖ్యముగా తోచుచున్నది. వచ్చినవాడు నలుడు కాకపోయినచో ఆ భంగమును తానొక్కతయే భరింపదలచినది. ముసలితండ్రిచేత మరల ఆశపడజేసి మరల నిరాశపడజేయుట కొల్లలేదు. అట్లని ఇంటిలో ఎవ్వరికిని తెలియకుండ చేసినదియు కాదు. తల్లి సాక్షిగా నున్నది. ఎవరికి ఏది ఎప్పుడు తెలియవలెనో నిర్ణయించుకొనుట మోసము కాదు, ఎదిగినవారి వివేకము. తల్లి సైతము ఆ మాట నిలుపుకొనెను. కూతురు చెప్పిన మొదటి సంగతిని వెంటనే భర్తకు చేరవేసిన ఆమెయే రెండవ దానిని కడుపులో దాచుకొన్నది. పేరు పెట్టి పొగడుట కెవ్వరు పూనని ఈ రాణి మా దృష్టిలో ఈ యుపాఖ్యానమున గొప్ప పాత్ర.

దీని ఫలితముగా కుండినమున జరిగిన ముచ్చట చదివి తీరవలెను. ఋతుపర్ణుడు పరుగు పరుగున సాయంకాలమునకు వచ్చి దిగెను. తోరణములు లేవు, రాజులు లేరు, స్వయంవరపు మాటయే లేదు. భీమునికి ఈయన యేల వచ్చెనో తెలియదు. ఋతుపర్ణుడు బుద్ధిమంతుడు గనుక, తమకు నమస్కరించి పోవుటకు వచ్చితి నన్నాడు. నూరామడలు దాటి నమస్కారము కొరకా యని భీముడు లోలోన అనుకొని, పైకి విశ్రమింపుడని మర్యాద చేసెను. ఇద్దరు రాజులు ఒకరి యెదుట ఒకరు ఏమియు తెలియక నిలుచుండగా, మేడపైన కూతురు రథపు చప్పుడు విని గుండె చిక్కబట్టుకొని యున్నది. వ్యాసుడు నవ్వని కవి యనువారికి ఈ ఘట్టమును చూపవలెను.

చప్పుడు నలుని రథముదే. దిగినవాడు పొట్టిచేతుల కురూపి. దమయంతి పరుగెత్తి పోలేదు. కేశిని యను చెలికత్తెను పంపి మాటలాడించినది, నడవడి గమనింపించినది. అతడు వచ్చినచో తక్కువయెత్తు ద్వారము పైకి లేచుట, చూచినంతనే కుండలు నీట నిండుట, గడ్డి తనంత మండుట విన్నది. అతడు వండిన మాంసమును తెప్పించి రుచి చూచినది. చివరకు బిడ్డ లిద్దరిని కేశినితో పంపినది. బాహుకుడు వారిని ఒడి జేర్చుకొని ఏడ్చెను. ఏడ్చి, నా బిడ్డలును ఇట్టివారే యుందురని సాకు చెప్పెను. వంట రుచి, నిప్పు, నీరు, ఇవన్నియు ఇతడు నలుడని నిరూపించును. తిరిగి చేరదీయదగిన నలుడా యను ప్రశ్నకు మాత్రము ఆ కన్నీరే సాక్ష్యము. ఆమె దానిని చివరకు ఉంచుకొనుట ఊరక కాదు.

అపుడు మరల తల్లి. ఈసారి దాచుమని యడుగలేదు. అతనిని ఇచ్చటికి రప్పింపుడు, లేదా నన్ను పోనిండు. నాన్నగారికి తెలిసియో తెలియకయో నీ యిష్ట మన్నది. తల్లి భర్తతో చెప్పెను. భీముడు అనుమతించెను. అనుమతించి, తాను మాత్రము ఆ గదిలోనికి పోలేదు. దమయంతి కావిచీర కట్టి, జడలు కట్టిన తలతో అతని నెదుర్కొన్నది. నిద్రలో నున్న భార్యను అడవిలో విడిచిపోయిన ధర్మజ్ఞుని ఎవనినైన చూచితివా, బాహుకా, అని ఆమెయే అడిగినది. ఆ ప్రశ్న భీముడడిగినచో విచారణ యగును, ఆమె యడుగుట చేత సంసారమైనది. తెల్లవారిన పిదప, స్నానము చేసి దమయంతితో కూడియున్న నలుని చూచెదనని భీముడు కబురంపెను. కూతు దుఃఖమును ఏండ్లతరబడి చూచిన తండ్రికి ఆ రాత్రి ఒక్క మాటైన అనవలెనని ఉండదా? ఉండియే ఉండును. కవి ఆయనచేత అనిపింపలేదు.

ఈ ఘట్టమున మాకు నచ్చని దొకటి కలదు, దానిని దాచుట విమర్శకుని ధర్మము కాదు. నలుడు తాను విడిచిపోవుటకు కలిని కారణముగా చెప్పి, అంతతో ఆగక, అనురక్తుడైన భర్త నుండగా మరొకని వరించు స్త్రీ యుండునా యని తిరిగి ప్రశ్నించెను. ఆమె ప్రమాణము చేయవలసి వచ్చినది, వాయుదేవుడు సాక్ష్యము పలుకవలసి వచ్చినది, పూలవాన కురిసినది. నలుని మూడేండ్ల నడవడికి సాక్ష్యము అడిగినవారు లేరు. సీత కథలోను ఇదే తూకము. కథ యింత న్యాయముగా నడిచి, కడపట తక్కెడను ఒకవైపు మ్రొగ్గనిచ్చెనని మా యభిప్రాయము. నాటి ధర్మమది యని చెప్పి ఊరకుండవచ్చును. కాని నాటి కవియే అంతవరకు ఆమెచేత ప్రశ్న లడిగించెను గదా.

ఇతర కథలతో పోల్చినచో కుండినపు గొప్ప తెలియును. కాళిదాసుని శాకుంతలమున కణ్వుని శిష్యుడు శార్ఙ్గరవుడు, పెండ్లియైన స్త్రీ పుట్టింట నున్నచో లోకము శంకించునని వాదించి, భర్త కాదన్న శకుంతలను అచ్చటనే విడిచి వెడలెను. అడవిలో విడువబడిన సీతకు వాల్మీకి యాశ్రమము దొరికినది గాని, జనకుని మిథిల కథలోనికి రాదు. పుట్టినిల్లు తలుపు తెరచి, తెరచినందుకు వెల యడుగని కథ ఇదియే.

మనవంటి కుటుంబములకు ఇది ఏల ముఖ్యమో చెప్పెదము.  సంబంధములు దూరపు జిల్లాల నుండి వచ్చును. తెగినచో పిల్ల తల్లిదండ్రుల యింటికి వచ్చును. నేటికాలమున ఉద్యోగము చేయుచు, జీతము తెచ్చుచు, ముప్పది నలుబది యేండ్ల వయస్సున అదే యింట నుండును. కొడుకులును అట్లే యుందురు. ఆమె సంగతి మన సంఘపు సమావేశమున అందరికి తెలియును, ఆమె మనస్సు మాత్రము ఎవ్వరికి తెలియదు. మే మెరిగిన ఒక కుటుంబమున, విడిపోయి చాల యేండ్లైన భర్త జాబు వ్రాయగా, తండ్రి దానిని కూతురికి చూపక తానే కటువుగా బదులు వ్రాసెను. మంచికే వ్రాసెను, ఆమె పడిన బాధను కనులార చూచినవాడు. ఆ సంగతి రెండేండ్లకు వేరొకరి నోట ఆమెకు తెలిసినది. ఆమె తండ్రిని ఒక్కమాట అనలేదు. ఉత్తరములు తన కార్యాలయపు చిరునామాకు రప్పించుకొనసాగినది. వారిద్దరు మరల కలిసిరా లేదా యన్నది ఈ వ్యాసమునకు అవసరము లేదు. ఇంకొక తెగ పెద్దలున్నారు. వారు ఆమెను అడుగకయే అల్లునితో రాజీ కుదిర్చి, ముహూర్తము పెట్టి, సారె సిద్ధము చేయుదురు. తలుపు మూసినవాడును, నెట్టి పంపినవాడును, ఇద్దరును భీమరాజు పోని ఆ గదిలోనికి పోయినవారే.

చట్టమును ఈ చిక్కును విప్పజూచినది. 1955 నాటి హిందూ వివాహచట్టపు 9వ విభాగము, కారణము లేక దూరమైన దంపతిని కాపురమునకు రప్పించుమని కోర్టును కోరు హక్కు నిచ్చినది. 1983లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఆ విభాగము రాజ్యాంగవిరుద్ధమని తీర్పు చెప్పెను. మరుసటి యేడు సుప్రీంకోర్టు వేరొక వ్యాజ్యమున దానిని నిలిపెను. న్యాయవాదులు ఇరువైపుల చాల వాదించిరి. ఆజ్ఞతో పిలిచిన పిలుపునకు, సగము చీర జ్ఞప్తి చేసిన పిలుపునకు గల భేదము ఏ విభాగమున నిముడును?

కథ పూలవానతో ముగియుననుకొనుట వాడుక. భాగవతులు అచ్చటనే మంగళము పాడుదురు. మూలమున మరికొంత కలదు. నాలుగవ యేట భార్యను కలిసికొన్న నలుడు ఒక నెల కుండినమున నుండి, ఒక రథము, పదునారు ఏనుగులు, ఏబది గుఱ్ఱములు, ఆరువందల కాలిబంటులతో నిషధకు పోయెను. దమయంతి వెంట పోలేదు, పుట్టినింటనే యున్నది. పోగొట్టుకొన్న యింటిని అతడు మొదట చక్కబెట్టుకొని, పుష్కరుని గెలిచి, గెలిచియు క్షమించి, ఆ పిమ్మట సేనతో వచ్చి ఆమెను తోడ్కొని పోయెను. నాడు వట్టిచేతులతో అడుగుపెట్టజాలనన్న ఇల్లు గదా యది. ఒక నెల ఆ యింటి అన్నము తిని, ఆ యింటినుండియే బయలుదేరెను.

మన యువకులు ఉగాదికి నాటకము వేయుటకు కథ వెదకుచున్నారని విన్నాము. ఈ రెండవ సగమును వేయవచ్చును. హంస అక్కరలేదు, ఖర్చును తగ్గును. నిడివి తగ్గింపవలసి వచ్చినచో కొండచిలువను, బోయవానిని తీసివేయుడు. భీముడును ఋతుపర్ణుడును ఏమియు తెలియక ఒకరి నొకరు కుశలమడుగుకొను రంగమును మాత్రము తీసివేయకుడు.